కుర్చీ జరుపుకుంటూ వచ్చిన రచయిత్రి: సాలీ వెయిన్‌రైట్ కేస్ స్టడీ

పదమూడేళ్లుగా డైలీ సీరియళ్లకు మాటలు రాస్తున్నాను. టైటిల్స్‌లో ‘మాటలు’ అన్న కార్డు మీద నా పేరు రెండు సెకన్లు కనబడుతుంది. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఇంకొకరిది, ట్రాక్ ఎటు తిరగాలో చెప్పేది చానల్. పొద్దున పదింటికి సీన్ ఆర్డర్ వాట్సాప్‌లో వస్తుంది, మధ్యాహ్నానికల్లా డైలాగ్ వెర్షన్ సెట్‌కి చేరాలి. ఆర్టిస్టు మేకప్ వేసుకుని కూర్చుని ‘రైటర్ గారూ, పేజీలు ఇంకా రాలేదు’ అంటే ఎంత టెన్షనో ఈ పని చేసినవాళ్లకే తెలుసు.

కొన్నేళ్ల కిందట ఒక చానల్‌కి సొంత కథ పట్టుకెళ్లాను. రిటైరైన హెడ్మాస్టరు, ఒకప్పుడు అదే స్కూల్లో పాటలు నేర్పిన టీచరమ్మ. ఇద్దరికీ డెబ్బై దాటాయి, ఇద్దరూ ఒంటరివాళ్లే. విన్నాయన మర్యాదగానే విన్నారు. ‘కథ బాగుందండీ. కానీ ముసలోళ్ల ప్రేమ ఎవరు చూస్తారు? కోడలి ట్రాక్ పెద్దది చేసి తీసుకురండి’ అన్నారు. ఫైలు అటకెక్కింది.

ఆ తర్వాత తెలిసింది, అలాంటి ఇద్దరు ముసలివాళ్ల ప్రేమకథకే 2013లో బ్రిటన్‌లో ఉత్తమ డ్రామా సిరీస్‌గా బాఫ్టా అవార్డు వచ్చిందని. రాసినావిడ సాలీ వెయిన్‌రైట్. నిజం చెప్పాలంటే కుళ్లుతోనే చూడటం మొదలుపెట్టాను. ఒక్కో షో చూడటం, అది ఏ ఏడాది వచ్చింది, దానికీ తర్వాతి షోకీ మధ్య ఆవిడ ఏం చేసింది అని నోట్‌బుక్‌లో రాసుకోవడం. శనివారాలు నలుగురైదుగురు పిల్లలు రాయడం నేర్చుకుందామని మా ఇంటికి వస్తుంటారు. ఇప్పుడు వాళ్లతో ఎక్కువగా మాట్లాడేది ఈ కేసు గురించే. వాళ్లు అడిగేది ‘మంచి కథ ఎలా రాయాలి సార్’ అని. ఈ కేసులో నాకు కనబడింది వేరే సంగతి. మంచి కథ చేతిలో ఉన్నంత మాత్రాన అది తెరకెక్కదు. రాసినవాళ్లు ఏ కుర్చీలో కూర్చుని ఉన్నారన్నది చూస్తారు. వెయిన్‌రైట్ ముప్పై ఏళ్లకు పైగా ఒకవైపు రాస్తూనే, ఇంకోవైపు ఆ కుర్చీని మెల్లగా ముందుకు జరుపుకుంటూ వచ్చింది.

బస్సు, రేడియో, వీధి

ఆమె 1963లో ఇంగ్లండ్ ఉత్తరాన, వెస్ట్ యార్క్‌షైర్‌లోని హడర్స్‌ఫీల్డ్‌లో పుట్టింది. పెరిగింది దగ్గరలోనే ఉన్న సోవర్బీ బ్రిడ్జ్‌లో. కాల్డర్ నది లోయలో ఒకప్పుడు బట్టల మిల్లులతో బతికిన చిన్న ఊరది. మిల్లులు మూతబడ్డాయి, రాతి ఇళ్లు, కొండలు, వాన మిగిలాయి. యార్క్ యూనివర్సిటీలో ఇంగ్లిష్ సాహిత్యం చదివింది. చదువయ్యాక నాటకం రాసి ఎడిన్‌బరో ఫెస్టివల్‌కి తీసుకెళ్లింది, అక్కడి నుంచి ఏజెంట్ దొరికింది. పొట్ట గడవడానికి మాత్రం లండన్‌లో బస్సు నడిపింది. సరదాకి చెప్పుకునే జీవిత విశేషం కాదిది. ఆ బస్సు తర్వాత కథలోకి వచ్చింది: 2006లో ఐటీవీ చానల్‌కి రాసిన ‘జేన్ హాల్’లో హీరోయిన్ ఉత్తరాది నుంచి లండన్ వచ్చి బస్సు నడిపే అమ్మాయి. ఆ షో ఒక్క సిరీస్‌తోనే ఆగిపోయింది, అది వేరే విషయం.

24 ఏళ్లప్పుడు బీబీసీ రేడియోలో ‘ది ఆర్చర్స్’కి రాసే పని దొరికింది. 1951 నుంచి దేశమంతా వింటున్న పల్లెటూరి సీరియల్ అది. రేడియోలో మొహం కనబడదు, చెయ్యి కనబడదు. ఎవరు మాట్లాడుతున్నారో మాటను బట్టే తెలియాలి. పేర్లు తీసేసి సీన్ చదివితే ఎవరి మాట ఏదో గుర్తుపట్టగలగాలి అని మా క్లాసులో ఒక పరీక్ష పెడతాను. మావాళ్లలో చాలామంది దగ్గర అత్తగారూ కోడలూ ఒకే గొంతుతో మాట్లాడతారు. నా స్క్రిప్టుల్లో కూడా, తొందరలో రాసినప్పుడు.

తర్వాత ‘కారొనేషన్ స్ట్రీట్’. మాంచెస్టర్‌లో గ్రెనడా సంస్థ 1960 డిసెంబర్‌లో మొదలుపెట్టిన ఈ సీరియల్ ఇప్పటికీ నడుస్తోంది. ఆమె చిన్నప్పటి నుంచీ రాయాలనుకున్నది దీనికే. 1994 నుంచి 1999 దాకా రాసింది. అక్కడి పద్ధతి మనకు తెలిసినదానికి కొంచెం దగ్గర, కొంచెం దూరం. రచయితలందరూ ఒక టేబుల్ చుట్టూ కూర్చుని కథ ఎటు పోవాలో గంటల తరబడి వాదించుకుంటారు. ఆ వాదనంతా కాగితం మీద పెట్టి, ఏ ఎపిసోడ్‌లో ఏ సీన్ అన్నది పేర్చే మనుషులు వేరే ఉంటారు. ఆ కాగితం తీసుకుని ఒక రచయిత ఒక ఎపిసోడ్ మొత్తం రాస్తారు, ఆ ఎపిసోడ్ మీద వారి పేరు పడుతుంది. తేడా అంతా ఆ టేబుల్ దగ్గరే. అక్కడ మాటలు రాసేవాళ్లకు కథ మీద నోరు ఉంటుంది. ఇక్కడ మాకు సీన్ ఆర్డర్ వాట్సాప్‌లో వస్తుంది.

ఐదేళ్ల సీరియల్ పని వృథా అనేవాళ్లు మన దగ్గరా ఉన్నారు, అక్కడా ఉన్నారు. నాకు అలా అనిపించదు. వారం వారం రాసి రాసి, ఒక సీన్ ఎక్కడ మొదలై ఎక్కడ తెగాలన్నది చేతికి అలవాటవుతుంది. కానీ ఆ చేతివాటమే ఉచ్చు కూడా. జీతం నెలనెలా వస్తుంది, సొంతది రాయడానికి వేళ చిక్కదు. అక్కడి నుంచి బయటికి వచ్చి సొంతది రాయమని ఆమెను వెనక నుంచి తోసింది లీడ్స్‌కి చెందిన సీనియర్ రచయిత్రి కే మెల్లర్. మెల్లర్ సృష్టించిన ‘ప్లేయింగ్ ది ఫీల్డ్’కి వెయిన్‌రైట్ కొన్ని ఎపిసోడ్లు రాసింది కూడా. ఆడవాళ్ల ఫుట్‌బాల్ జట్టు కథ అది.

సొంత షో, సొంత దెబ్బలు

2000లో ఐటీవీలో ‘ఎట్ హోమ్ విత్ ది బ్రెయిత్‌వెయిట్స్’ వచ్చింది. లీడ్స్‌లో ఒక మామూలు గృహిణికి 3 కోట్ల 80 లక్షల పౌండ్ల లాటరీ తగులుతుంది. మొగుడికి చెప్పదు, పిల్లలకు చెప్పదు. ఐడియా ఒక్క ముక్కలో చెప్పొచ్చు, పిచ్ చేయడానికి ఇంతకంటే సులువైనది ఉండదు. 2003 దాకా నడిచింది. ఇక్కడ కుర్చీ మొదటిసారి జరిగింది: ఇతరుల ప్రపంచంలో ఎపిసోడ్ రాసే మనిషి, ఇప్పుడు తన ప్రపంచానికి తానే యజమాని.

ఆ ఊపులోనే అంతా సాఫీగా సాగిపోయి ఉంటుందనుకుంటాం. సాగలేదు. 2002లో ‘స్పార్క్‌హౌస్’, వదరింగ్ హైట్స్ నవలను ఈ కాలానికి తెచ్చి, ఆడ మగ పాత్రలు తారుమారు చేసి రాసింది. 2006లో బీబీసీకి ‘ది అమేజింగ్ మిసెస్ ప్రిచర్డ్’: ఎన్నికల్లో పోటీ చేస్తున్నవాళ్లు తన కళ్ల ముందే కొట్టుకోవడం చూసి విసుగెత్తిన ఒక సూపర్ మార్కెట్ మేనేజరమ్మ తానే పోటీకి దిగి, చివరికి ప్రధానమంత్రి అవుతుంది. ఈ షోని శ్రద్ధగా చూశాను. మొదటి ఎపిసోడ్ భలే ఉంటుంది. ఆ తర్వాత ఆ మనిషి లండన్‌లో ప్రధాని ఇంట్లో కూర్చున్నాక, వెయిన్‌రైట్ కలానికి కాళ్ల కింద నేల జారిందనిపించింది. వంటింట్లో అక్కాచెల్లెళ్లు గొడవపడే సీన్ రాసిన చెయ్యి కేబినెట్ మీటింగ్ రాసేటప్పుడు తడబడింది. కథ ఒక ముడి దగ్గర ఆగింది, ముడి విప్పే రెండో సిరీస్ రాలేదు.

2009లో మూడు భాగాల ‘అన్‌ఫర్గివెన్’ ఆమెను మళ్లీ నిలబెట్టింది. ఇద్దరు పోలీసులను చంపిన నేరానికి పదిహేనేళ్లు జైల్లో ఉండి బయటికొచ్చిన రూత్, చిన్నప్పుడే దత్తత పోయిన చెల్లెల్ని వెతుక్కుంటుంది. సూరాన్ జోన్స్ నటించింది. ఇదే కథను 2021లో నెట్‌ఫ్లిక్స్ సాండ్రా బుల్లక్‌తో ‘ది అన్‌ఫర్గివబుల్’ అని సినిమాగా తీసింది, స్క్రీన్‌ప్లే వేరేవాళ్లు రాశారు. హాలీవుడ్ దాకా కథ వెళ్లింది, రాసిన మనిషి మాత్రం తన లోయలోనే ఉంది. ఇది మా శనివారం పిల్లలకు నచ్చని భాగం. ‘ఆవిడ కూడా వెళ్లి ఉండాల్సింది కదా సార్’ అంటారు. నాకైతే వెళ్లకపోవడమే కేసులో అసలు కీలకం అనిపిస్తుంది.

పోలీసావిడ పక్కన కూర్చుని

2011లో ‘స్కాట్ అండ్ బెయిలీ’ మొదలైంది. మాంచెస్టర్‌లో హత్యకేసులు చూసే ఇద్దరు మహిళా డిటెక్టివ్‌ల కథ. మొదటి ఆలోచన సూరాన్ జోన్స్, సాలీ లిండ్సే అనే ఇద్దరు నటీమణులది. దాన్ని వెయిన్‌రైట్, గ్రేటర్ మాంచెస్టర్ పోలీసులో డిటెక్టివ్‌గా పనిచేసి రిటైరైన డయాన్ టేలర్‌తో కలిసి షోగా మలిచింది. మన దగ్గర పోలీసు సలహాదారు అంటే యూనిఫాం మీద నక్షత్రాలు ఎన్నుండాలో చెప్పేవాడు. ఇక్కడ టేలర్ సహ సృష్టికర్త. ఆమె చెప్పిన వివరాలు సీన్ అలంకరణ దగ్గర ఆగలేదు, సీన్ నడకనే మార్చేశాయి. నిందితుడిని గదిలో కూర్చోబెట్టి ప్రశ్నలడిగే సీన్లు నిమిషాల తరబడి సాగుతాయి. గట్టిగా అరవరు, బల్ల గుద్దరు. ‘సరే, మళ్లీ మొదట్నుంచి చెప్పు’ అని నెమ్మదిగా అడుగుతూ పోతారు. అరుపుల కంటే ఆ నెమ్మదే భయపెడుతుంది.

అవి చూశాక నా సీరియల్‌లో ఒక స్టేషన్ సీన్‌ని అలా రాసి పంపాను, ఆరు పేజీలు. సెట్‌లో రెండు పేజీలకు కోసేశారు. పర్వాలేదు, ఆ రెండు పేజీలూ బాగా వచ్చాయి.

అమ్మ కథ

నాకు కుళ్లు పుట్టించిన ఆ ముసలివాళ్ల ప్రేమకథ, ‘లాస్ట్ టాంగో ఇన్ హాలిఫాక్స్’, ఎలా పుట్టిందో వెయిన్‌రైట్ చాలాసార్లు చెప్పింది. తండ్రి పోయాక ఆమె తల్లి, చిన్ననాటి స్నేహితులను కలిపే ఒక వెబ్‌సైట్ ద్వారా ఒకప్పటి ప్రేమికుడిని మళ్లీ కలుసుకుని పెళ్లి చేసుకుంది. షోలో సీలియా, ఆలన్ అనే ఇద్దరు డెబ్బై దాటినవాళ్లు ఫేస్‌బుక్ పుణ్యమా అని దాదాపు అరవై ఏళ్ల తర్వాత కలుస్తారు. నటించింది ఆన్ రీడ్, డెరెక్ జాకొబీ. 2012 నవంబర్‌లో బీబీసీ వన్‌లో మొదలైంది.

కథ అనగానే మనం ఆ ముసలి జంటనే చూస్తాం. కానీ ఆరు గంటల షోని మోసేది వాళ్ల కూతుళ్లు. ఒకరు డబ్బున్న స్కూలు హెడ్మిస్ట్రెస్, ఇంకొకరు అప్పుల్లో ఉన్న గొర్రెల రైతు. అమ్మానాన్నల పెళ్లి వల్ల ఈ వయసులో అక్కాచెల్లెళ్లు కావాల్సి వచ్చిన ఇద్దరు ఆడవాళ్లు. నా హెడ్మాస్టరు ఫైలు తీసి చూస్తే తప్పెక్కడుందో అర్థమైంది. నేను ముసలివాళ్లిద్దరినే రాశాను, వాళ్ల పెళ్లి వల్ల ఎవరి జీవితం తలకిందులవుతుందో రాయలేదు. ఆ చానల్ ఆయన కోడలి ట్రాక్ పెట్టమన్నది తిక్క సలహా అనుకున్నాను. సగం తిక్క, సగం కాదు.

ఈ షోలోనే ఆమె చేసిన పెద్ద పొరపాటు కూడా ఉంది. హెడ్మిస్ట్రెస్ కారొలిన్ భార్య కేట్‌ని 2015లో మూడో సిరీస్‌లో చంపేసింది. కథకు ఒక కుదుపు కావాలని రచయితలు చేసే పనే. తెరమీద ఇలాంటి జంటలు ఉన్నదే తక్కువ, వాళ్లనూ చంపేస్తారా అని ప్రేక్షకులు మండిపడ్డారు. ఆ నిర్ణయం తీసుకోకుండా ఉండాల్సిందని ఆమె తర్వాత ఒప్పుకుంది. ట్రాక్ చప్పబడిందని పాత్రను యాక్సిడెంట్ చేయించేవాళ్లం మనం చాలామందిమి ఉన్నాం కాబట్టి ఈ సంగతి ఇక్కడ రాస్తున్నాను.

పెట్రోలు పోసుకున్న కుర్రాడు

ఇప్పుడు కేసు నడిబొడ్డుకి వద్దాం. 2014 ఏప్రిల్ 29న బీబీసీ వన్‌లో ‘హ్యాపీ వ్యాలీ’ మొదటి ఎపిసోడ్ వచ్చింది. హెబ్డెన్ బ్రిడ్జ్, సోవర్బీ బ్రిడ్జ్, హాలిఫాక్స్ చుట్టుపక్కల తీశారు. మత్తుమందుల బెడద వల్ల అక్కడి పోలీసులు ఆ లోయకు వెటకారంగా పెట్టుకున్న పేరే ఈ టైటిల్.

మొదటి సీన్ ఒక పిల్లల ఆటస్థలం. పిల్లలు ఎక్కే కమ్ముల మీద ఒక కుర్రాడు కూర్చుని ఉన్నాడు. ఒంటి మీద పెట్రోలు పోసుకున్నాడు, చేతిలో లైటర్ ఉంది, ప్రేమించిన అమ్మాయి వదిలేసిందని ఏడుపు. పోలీసు సార్జెంట్ క్యాథరీన్ కేవుడ్ వస్తుంది, నటించింది సారా ల్యాంకషైర్. అక్కడికి రాకముందే దగ్గరలో ఉన్న దుకాణంలోకి దూరి మంటలార్పే సిలిండరూ నల్ల కళ్లద్దాలూ తెచ్చుకుంది. వాడు తగలబడతానంటే వాడిష్టం, తన కనుబొమ్మలు మాత్రం కాలనివ్వనని పక్కనున్న కానిస్టేబుల్‌తో ఒక జోకు వేస్తుంది. తర్వాత కుర్రాడి ముందు నిలబడి తనను పరిచయం చేసుకుంటుంది. పేరు క్యాథరీన్, 47 ఏళ్లు, విడాకులయ్యాయి, హెరాయిన్ మానేసిన చెల్లెలితో కలిసి ఉంటోంది. ఎదిగిన పిల్లలు ఇద్దరు, ఒకరు చనిపోయారు, ఇంకొకరు మాట్లాడరు. ఒక మనవడు ఉన్నాడు.

స్క్రిప్ట్ రాసేవాళ్లు ఈ సీన్ దగ్గర కాస్త ఆగాలి. హీరోయిన్ గతం మొత్తం అర నిమిషంలో చెప్పేశారు. మన సీరియల్‌లో అయితే ఫొటోకి దండ వేసి, దాని ముందు నిలబెట్టి, కళ్లు తుడిపించి, పక్కింటావిడ చేత ‘పాపం, కూతురు పోయి ఎనిమిదేళ్లయింది కదా’ అనిపిస్తాం. ఇక్కడ ఆ వివరం చెప్పడానికి ఒక అవసరం ఉంది. ఎదురుగా చావడానికి కూర్చున్న కుర్రాడు ఉన్నాడు. వాడితో మాట కలపాలి, వాడి చెయ్యి లైటర్ మీద నుంచి పోవాలి. నీకొక్కడికే కష్టాలు లేవురా అబ్బాయీ అని నీతులు చెప్పకుండా, తన లిస్టు చదివింది. సమాచారం మనకు చేరిపోయింది, మనం మాత్రం పెట్రోలు వైపే చూస్తున్నాం. ఏదీ చెబుతున్నట్టు అనిపించదు. పిల్లల చేత ఈ సీన్‌ని తెలుగులో తిరగరాయిస్తాను. నూటికి తొంభై మంది లిస్టు చివర ఒక సలహా వాక్యం చేర్చేస్తారు. అది కొట్టేయించడానికే ఒక శనివారం పడుతుంది.

భాష సంగతి కూడా ఉంది. పాత్రలు యార్క్‌షైర్ యాసలోనే మాట్లాడతాయి. ‘నథింగ్’ అనాల్సిన చోట ‘నౌట్’, ‘సమ్‌థింగ్’ అనాల్సిన చోట ‘సమ్మట్’. లండన్ వాళ్లకు అర్థమవుతుందా అని తగ్గించలేదు. అమెరికాలో కూడా నెట్‌ఫ్లిక్స్‌లో సబ్‌టైటిల్స్ పెట్టుకుని చూశారు. శ్రీకాకుళం యాసనో, మహబూబ్‌నగర్ యాసనో నౌకరు పాత్రకే కేటాయించే అలవాటు మనకు ఉంది. అక్కడ ఆ యాసలో మాట్లాడేది కథానాయిక.

రెండో ట్రాక్‌లో కెవిన్ అనే అకౌంటెంట్ ఉంటాడు. కూతురి ఫీజు కోసం జీతం పెంచమంటే యజమాని ఒప్పుకోలేదు. ఆ కోపంలో యజమాని కూతుర్ని కిడ్నాప్ చేయొచ్చని నోరు జారి ఒకడికి ఐడియా ఇస్తాడు. దుర్మార్గం ఎంత చిన్న ఉక్రోషంలోంచి పుడుతుందో ఇంత వివరంగా రాసిన టీవీ కథ నేను చూడలేదు. కిడ్నాప్ చేసినవాళ్లలో ఒకడు టామీ లీ రాయిస్. వాడు చేసిన అత్యాచారం వల్లే క్యాథరీన్ కూతురు ఒక పిల్లాడిని కని, ప్రాణం తీసుకుంది. ఆ పిల్లాడే మనవడు రయాన్.

నాలుగో ఎపిసోడ్ డైరెక్టర్

మొదటి సిరీస్‌లో మొదటి మూడు ఎపిసోడ్లు యూరోస్ లిన్, చివరి రెండు టిమ్ ఫైవెల్ డైరెక్ట్ చేశారు. మధ్యలో నాలుగోది వెయిన్‌రైట్ స్వయంగా. యాభై దాటాక తొలిసారి డైరెక్టర్ కుర్చీలో కూర్చుంది. ఎంచుకున్నది సులువైన ఎపిసోడేమీ కాదు. బందీగా ఉన్న అమ్మాయి కోసం సెల్లార్‌లోకి దిగిన క్యాథరీన్‌ని టామీ చావగొట్టే భాగం అందులోనే ఉంది. హింస మితిమీరిందని అప్పట్లో పత్రికల్లో దుమారం రేగింది.

నా లెక్కలో ఆమె కెరీర్‌లో పెద్ద మలుపు ఏ అవార్డూ కాదు, ఈ ఒక్క ఎపిసోడ్. రెండేళ్లు తిరిగేసరికి 2016 డిసెంబర్‌లో పాతకాలపు ఇంగ్లిష్ నవలా రచయిత్రులు బ్రాంటే అక్కాచెల్లెళ్ల మీద ‘టు వాక్ ఇన్విజిబుల్’ రెండు గంటల చిత్రం పూర్తిగా తానే రాసి, తానే తీసింది. హావర్త్ ఊరి బయట కొండమీద ఆ కుటుంబం ఉన్న ఇంటినీ వీధినీ సెట్‌గా కట్టారు. అంతకు పన్నెండేళ్ల ముందు, మిసెస్ ప్రిచర్డ్ కూడా ఇంకా రాని రోజుల్లో, ఆమెకు ఎవరూ అంత సెట్ కట్టి ఇచ్చేవాళ్లు కాదు. 2014కి ముందూ తర్వాతా ఆమె రాత ఏమంత మారలేదు. మారింది కుర్చీ.

పిల్లాడు పెరిగే దాకా

‘హ్యాపీ వ్యాలీ’ మొదటి సిరీస్‌కి 2015లో, రెండోదానికి 2017లో బాఫ్టా ఉత్తమ డ్రామా వచ్చింది. ఏ చానలైనా వెంటనే మూడోది అడుగుతుంది. ఆమె ఏడేళ్లు ఆపింది. కారణం ఒక్కటే, రయాన్. మొదటి సిరీస్‌లో ఎనిమిదేళ్ల పిల్లాడు. తండ్రి గురించి వాడే నిర్ణయించుకునే వయసు రావాలి, అంటే పదహారు. పాత్రధారి రిస్ కొన్నా నిజంగా పెరిగే దాకా ఆగారు. వేరే అబ్బాయిని పెట్టి ‘ఎనిమిదేళ్ల తర్వాత’ అని కార్డు వేయలేదు.

మూడో సిరీస్ 2023 జనవరి 1న మొదలై ఫిబ్రవరి 5న ముగిసింది. చివరి రాత్రి బ్రిటన్‌లో 75 లక్షల మంది ప్రసార సమయంలోనే చూశారు. అందరూ అనుకున్నట్టు చేజింగ్ లేదు, కొండ అంచున పోరాటం లేదు. క్యాథరీన్ వంటింట్లో, భోజనాల బల్ల దగ్గర, గాయపడిన టామీ కుటుంబ ఫొటోల ఆల్బం తిరగేసి కూర్చుని ఉంటాడు. ఇద్దరూ మాట్లాడుకుంటారు, అంతే. చివర వాడు ఒంటి మీద పెట్రోలు పోసుకుని అంటించుకుంటాడు. ఆమె చెల్లెలు అల్లిన ఊలు దుప్పట్లు వాడి మీద కప్పి మంటలార్పుతుంది. దుప్పటి కాస్త కమిలిందని తర్వాత చెల్లెలితో అంటుంది.

మొదటి సీన్‌లో పెట్రోలు, చివరి సీన్‌లో పెట్రోలు. మధ్యలో తొమ్మిదేళ్లు. 2014లో ఆటస్థలంలో ఉన్న అపరిచితుడి కోసం దుకాణం నుంచి సిలిండర్ తెచ్చుకున్న మనిషి, 2023లో తన కూతురి చావుకి కారణమైనవాడి కోసం ఇంట్లో దుప్పటి లాగింది. ఇంత కాలం కథను కదలనివ్వకుండా చేతిలో పట్టుకోవాలంటే ఓపిక ఒక్కటే చాలదు. వద్దు, ఇంకా టైముంది అని చానల్‌తో అనగలిగే హోదా ఉండాలి.

లోయ దాటిన ప్రతిసారీ

2024 మార్చిలో డిస్నీ ప్లస్‌లో వచ్చిన ‘రెనెగేడ్ నెల్’ ఎనిమిది ఎపిసోడ్లు చూశాను. 1700ల నాటి దారిదోపిడీ యువతి, ఆమెకు అతీత శక్తి. డబ్బు బాగా పెట్టారు. మాటల్లో చమత్కారం ఉంది. రెండో సిరీస్ ఇవ్వలేదు. మిసెస్ ప్రిచర్డ్ దగ్గర అనిపించిందే మళ్లీ అనిపించింది, అయితే ఇది నా అభిప్రాయమే, మా క్లాసులో ఒక అమ్మాయికి అన్నిటికంటే ఇదే ఇష్టం. 2025 అక్టోబర్‌లో ‘రయట్ విమెన్’తో ఆమె మళ్లీ హెబ్డెన్ బ్రిడ్జ్‌కి వచ్చేసింది: నడివయసు దాటిన ఐదుగురు ఆడవాళ్లు కలిసి పెట్టుకున్న పంక్ బ్యాండ్. టీనేజ్‌లో చూసిన ‘రాక్ ఫాలీస్’ అనే 1976 నాటి ఆడవాళ్ల బ్యాండ్ షో మీద ఇష్టం ఇన్నేళ్లకు ఇలా బయటపడింది.

షిబ్డెన్ హాల్

చివరికి ఉంచుకున్నది ‘జెంటిల్‌మన్ జాక్’. హాలిఫాక్స్ పక్కన షిబ్డెన్ హాల్ అనే పాత భవంతి ఉంది. వెయిన్‌రైట్ చిన్నప్పుడు అక్కడికి వెళ్లేది. అందులో ఉన్నావిడ గురించి ఎవరూ చెప్పలేదు. ఆ ఇంటి యజమానురాలు ఆన్ లిస్టర్, 1791లో పుట్టింది. నల్ల బట్టలు, మగవాడి నడక, బొగ్గు గనుల వ్యాపారం. ఆడవాళ్లను ప్రేమించింది, పక్క ఎస్టేటు వారసురాలు ఆన్ వాకర్‌తో కలిసి బతికింది. దాదాపు 50 లక్షల మాటల డైరీ రాసింది. అందులో ఆరో వంతు గ్రీకు అక్షరాలూ లెక్కల గుర్తులూ కలిపిన రహస్య లిపిలో ఉంది. ఆమె వంశీకుడు జాన్ లిస్టర్, స్నేహితుడు ఆర్థర్ బరెల్ కలిసి 1890లలో ఆ లిపిని ఛేదించారు. చదివాక బరెల్ తగలబెట్టేయమన్నాడు. జాన్ లిస్టర్ కాల్చలేదు, గోడ చెక్కల వెనక దాచాడు. 1980లలో హెలెనా విట్‌బ్రెడ్ అనే హాలిఫాక్స్ పరిశోధకురాలు అవి చదివి పుస్తకంగా తెచ్చింది. 2011లో ఆ డైరీలను యునెస్కో బ్రిటన్ జ్ఞాపకాల జాబితాలో చేర్చారు.

వెయిన్‌రైట్ ఈ కథ దాదాపు ఇరవై ఏళ్లు చేతిలో పట్టుకుని తిరిగింది. బ్రెయిత్‌వెయిట్స్ నడుస్తున్న రోజుల్లో ఎవరికీ పట్టలేదు. అదే మనిషి, అదే లోయ, అదే డైరీ. హ్యాపీ వ్యాలీ తర్వాత అదే కథను బీబీసీ, అమెరికా నుంచి హెచ్‌బీఓ కలిసి తీశాయి. మధ్యలో 2016లో వెల్‌కమ్ అనే బ్రిటన్ దాతృత్వ సంస్థ స్క్రీన్‌రైటింగ్ ఫెలోషిప్ 30,000 పౌండ్లు వచ్చాయి. ఆ డబ్బుతో డైరీల పని చేసుకుంది. స్క్రిప్టుకి ముందు చదవడానికి డబ్బు ఇచ్చే మనుషులు ఉంటారన్న సంగతి మా పిల్లలకు చెబితే నమ్మలేదు.

2019లో మొదటి సిరీస్ వచ్చింది. ఆన్ లిస్టర్‌గా వేసిన సూరాన్ జోన్స్ కెమెరా వైపు తిరిగి డైరీలో రాసుకున్నట్టే మనతో మాట్లాడుతుంది. షిబ్డెన్ హాల్‌కి జనం బారులు తీరారు. 2022 వసంతంలో రెండో సిరీస్ వచ్చింది. అదే జూలైలో హెచ్‌బీఓ తప్పుకుంది. అవార్డులూ పేరూ డైరెక్టర్ కుర్చీ అన్నీ ఉన్నా, డబ్బుపెట్టె తాళం ఇంకొకరి దగ్గరే ఉంది. కుర్చీ ఎంత ముందుకు జరిపినా ఆ పెట్టె దాకా చేరలేదని నా నోట్‌బుక్‌లో ఈ పేజీలో రాసుకున్నాను.

ఆన్ లిస్టర్ 1840 సెప్టెంబర్‌లో, 49 ఏళ్ల వయసులో, ఆన్ వాకర్‌తో ప్రయాణం చేస్తూ జార్జియాలోని కుటాయిసిలో జ్వరంతో చనిపోయింది. ఆన్ వాకర్ శవపేటికను ఇంటికి చేర్పించింది, ఆ ప్రయాణానికి నెలలు పట్టింది. 1841 ఏప్రిల్ 29న హాలిఫాక్స్ చర్చిలో ఖననం చేశారు. రెండు సిరీస్‌లూ అక్కడిదాకా రాలేదు. ఆ ప్రయాణం వెయిన్‌రైట్ చేతుల్లో ఇంకా తెరకెక్కలేదు.